కుటుంబ నియంత్రణ (కు.ని.) ఆపరేషన్ ఫెయిలైతే బిడ్డ పెంపకం ఖర్చు వస్తుందా?

ఏర్పేడు ఆశా:
మా ఏరియాలో ఒకామెకు రెండేళ్ళ కింద ప్రభుత్వాస్పత్రిలో ట్యూబెక్టమీ (పిల్లలు పుట్టకుండా ట్యూబులు కట్టే ఆపరేషన్) చేశారు. ఇప్పుడు మళ్ళీ నెల తప్పింది. మూడు వారాల కింద స్కానింగ్‌లో 14 వారాలని తేలింది. బిడ్డకు 18 ఏళ్ళు నిండేదాకా ఖర్చు గవర్నమెంటే ఇవ్వాలి, కోర్టుకు పొమ్మని ఊళ్ళో అంటున్నారు. ముందు యాడికి పోవాల?

చిత్తూరు వకీలు:
ఊళ్ళో చెప్పేది పాత మాటమ్మా. 2000లో హర్యానా కేసులో సుప్రీంకోర్టు పెంపకానికి 54,000 రూపాయలు ఇప్పించింది నిజమే. అక్కడ డాక్టరు కుడి ట్యూబు మాత్రమే కట్టి ఎడమది వదిలేశాడు, అది రుజువైంది. 2005లో పంజాబ్ కేసులో ముగ్గురు జడ్జీలు ఇంకో మాట చెప్పారు: గర్భం వచ్చినంత మాత్రాన డాక్టరు తప్పు అనలేం, నిర్లక్ష్యం విడిగా చూపించాలి. గర్భమని తెలిశాక కూడా కనాలనుకుంటే అది అక్కర్లేని బిడ్డ కాదు, పెంపకం ఖర్చు అడగరాదు. ఈ రోజుకీ కోర్టులో ముందు ఎదురయ్యేది ఆ తీర్పే.

గర్భస్రావ చట్టం ప్రకారం గర్భనిరోధం ఫెయిలైందన్న కారణంతో 20 వారాల వరకు తీయించుకోవచ్చు. ఆమెకు ఇప్పుడు 17. ఉంచుకోవాలా వద్దా అన్నది పూర్తిగా ఆమె ఇష్టం, డబ్బు కోసం ఎవరూ అటూ ఇటూ తోయకండి. కానీ గడువు సంగతి ఈరోజే చెప్పండి.

క్లెయిముల గుమస్తా:
కోర్టు కంటే ముందు కుటుంబ నియంత్రణ పరిహార పథకం చూడండి. ఫెయిలైతే 60,000. ఎవరి తప్పో నిరూపించనక్కర్లేదు. గర్భం బయటపడిన రోజు నుంచి 90 రోజుల్లోపు క్లెయిము పెట్టాలి, మీకు అప్పుడే మూడు వారాలు పోయాయి. ఆపరేషన్ చేసిన ఆస్పత్రిలోనే క్లెయిము ఫారం నింపించి, డాక్టరు సంతకంతో డీఎంహెచ్‌వో (జిల్లా వైద్య ఆరోగ్యాధికారి) ఆఫీసుకు పంపించాలి. స్టెరిలైజేషన్ సర్టిఫికెట్ (కు.ని. ఆపరేషన్ చేసినట్టు ఇచ్చే పత్రం) నకలు, స్కానింగ్ రిపోర్టు, బ్యాంకు పాస్‌బుక్ జత చేయాలి. సర్టిఫికెట్‌లో పుట్టింటి ఇంటిపేరు, పాస్‌బుక్‌లో అత్తింటిది ఉంటే ముందే సరిచేయించండి. ఇచ్చిన ప్రతి కాగితానికీ ముద్ర వేసిన రసీదు తీసుకోండి.

ఏర్పేడు ఆశా:
సర్టిఫికెట్ పోయిందంటున్నారు. వినియోగదారుల కోర్టుకు పోవచ్చునా అన్నా?

చిత్తూరు వకీలు:
అందరికీ ఉచితంగా చేసే ఆస్పత్రి మీద వినియోగదారుల కమిషన్‌కు పోలేం. డబ్బు కట్టి ప్రైవేటులో చేయించుకుని ఉంటే రెండేళ్ళలోపు పోవచ్చు. ప్రభుత్వం మీదైతే సివిల్ దావా, దానికి ముందు సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 కింద ప్రభుత్వానికి నోటీసు ఇచ్చి రెండు నెలలు ఆగాలి. ఆడవాళ్ళకు ఆదాయంతో పని లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది.

సర్టిఫికెట్ నకలుతో పాటు కేస్ షీటు, ఆపరేషన్ నోట్సు, సమ్మతి పత్రం రాతపూర్వకంగా అడగండి. 72 గంటల్లో ఇవ్వాలి. రికార్డులు మూడేళ్ళే దాచాలన్నది నియమం, అందుకే ఆలస్యం వద్దు. సమ్మతి పత్రం ప్రత్యేకంగా చదివించండి: పథకం డబ్బే తుది పరిహారం, కోర్టులో అంతకు మించి అడగనని అందులో రాసి ఉంటుంది. దాని మీదే ప్రభుత్వ వకీలు వాదిస్తాడు.

స్టాఫ్ నర్సు:
నెల తప్పిందంటే ట్యూబులో గర్భమేమో మొదట చూడాలి, స్కానులో గర్భసంచిలోనే ఉందని రాశారో లేదో చదవండి. ఇక నిర్లక్ష్యానికి సాక్ష్యం పొట్ట తెరిచినప్పుడే దొరుకుతుంది. సిజేరియన్ గానీ మళ్ళీ ట్యూబెక్టమీ గానీ జరిగితే రెండు ట్యూబులూ ఎలా ఉన్నాయో నోట్సులో రాయమని ముందే అడగండి. కొన్నిసార్లు ట్యూబును బిగించే రింగు ట్యూబుకు కాక పక్కనున్న లిగమెంటుకు (గర్భసంచిని పట్టి ఉంచే బంధానికి) పడుతుంది. కోసిన ముక్కను పరీక్షకు పంపించండి. ట్యూబు సరిగ్గా కట్టినా తిరిగి అతుక్కున్నట్టు తేలితే అది డాక్టరు తప్పు కాదు, 60,000తో సరిపెట్టుకోవాల్సిందే.