పిల్లికి చెలగాటమా, చెర్లాటమా?

పెరటి జామచెట్టు:
మొన్న ఆదివారం ఇంట్లో అందరం కూర్చుని 2021లో వచ్చిన టామ్ అండ్ జెర్రీ సినిమా తెలుగులో చూశాం. మనుషులు నిజం మనుషులే, జంతువులు మాత్రం ఏనుగుల నుంచి పావురాల దాకా అన్నీ గీసిన బొమ్మలు. ఎలుకను పట్టబోయి టామ్ హోటల్ గదిని గుల్ల చేసే చోట మా అమ్మమ్మ గట్టిగా నవ్వి, "పిల్లికి చెర్లాటం, ఎలుకకు ప్రాణసంకటం" అంది.

నాకు పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచి అది చెలగాటమే. పుస్తకాల్లో చూసిందీ అదే, రాసిందీ అదే. "చెలగాటం కదా అమ్మమ్మా?" అంటే, "మా అమ్మ చెర్లాటమనే అనేది. పైగా దానికి మూడో ముక్క కూడా ఉండేది, అదీ 'టం'తోనే ముగిసేది. నోట్లో ఆడుతోంది, రావట్లేదు" అంది. మాది తణుకు దగ్గర ఊరు. చెర్లాటం మీలో ఎవరైనా విన్నారా? ఆ మూడో ముక్క ఎవరికైనా తెలుసా?

అరసున్న:
చెలఁగాటము. ఇందులో సందేహానికి తావే లేదు. చెలఁగు ధాతువుకు ఉత్సహించు, విజృంభించు అనే అర్థాలున్నాయి, దానికి ఆట చేరింది. పోరు పోరాటం అయినట్టే. కావ్యాల్లో చెలంగె, చెలఁగె అని రెండు రూపాలూ కనిపిస్తాయి. నిండుసున్న అరసున్నగా తేలిపోయినా గకారం మాత్రం చెక్కు చెదరలేదు. అంత గట్టి అక్షరం మీ అమ్మమ్మగారి మాటలో ఎక్కడికి పోయింది? అది పలుకుబడిలో జారిన రూపం, అంతే.

గోదారి గట్టు:
జారిన రూపం అని అంత తేలిగ్గా తీసేయకండి. మా మేనత్త కూడా చెర్లాటమనే అనేది. "పిల్లలతో చెర్లాటాలేమిట్రా?" అని మమ్మల్ని కసిరేది. చెరలాడు అని వేరే మాట ఉంది, విహరించు, ఆడుకొను అని అర్థం. చెరలాటం నుంచి చెర్లాటం. నడుమ అచ్చు జారిపోవడం మనకు కొత్త కాదు. ఇవి ఒకే మాటకు రెండు రూపాలు కావు, రెండు వేర్వేరు మాటలు. సామెతలో ఒకదాని చోట ఇంకొకటి వచ్చి కూర్చుంది.

బండి ఱ:
నాకు ఎప్పటినుంచో ఒక ఊహ ఉంది. ఇది చెర + ఆట. పిల్లి ఎలుకను వెంటనే చంపదు. పంజా కింద పెట్టుకుంటుంది, వదులుతుంది, మళ్లీ పట్టుకుంటుంది. అంటే చెరలో ఉంచి ఆడించడం. సామెతలో ఉన్న క్రూరత్వమంతా ఆ ఒక్క మాటలోనే ఉంది. చెలగాటమంటే ఉత్త ఉత్సాహం. ఉత్సాహానికి ఎలుక ప్రాణం ఎందుకు పోవాలి?

అరసున్న:
చెఱసాలలో ఉన్నది శకటరేఫం. మీ పేరే బండి ఱ కదా, మీకు నేను చెప్పాలా? మీ ఊహ నిలవాలంటే చెర్లాటంలో ఉన్నదీ బండి ఱ అని ఒక్క పాత ప్రయోగమైనా చూపాలి. ఇక క్రూరత్వం సంగతి. 'ప్రాణాలతో చెలగాటం' అని పత్రికల్లో రోజూ చూస్తున్నాం. కల్తీ మందుల వార్తకూ అదే శీర్షిక, గతుకుల రోడ్డు వార్తకూ అదే శీర్షిక. ఆ క్రూరత్వం మాటలో మొదటి నుంచీ లేదు. ఈ సామెతలో పిల్లి పక్కన కూర్చోబట్టి వచ్చి చేరింది.

బండి ఱ:
ప్రయోగం చూపలేను, ఒప్పుకుంటాను. కానీ పిల్లి పట్టిన ఎలుకను కళ్లారా చూసినవాడికి చెర అనే అర్థమే ముందు తడుతుంది. దాన్ని వదులుకోలేను.

మూషికవాహనుడు:
ల, ర గొడవ ఈ సామెత కంటే చాలా పాతది. సంస్కృతంలో పిల్లికి మార్జారం, మార్జాలం రెండూ ఉన్నాయి. 'రలయోరభేదః', అంటే ర, లలకు తేడా లేదని పెద్దలు అననే అన్నారు. పిల్లి పేరులోనే ర, ల రెండూ చెల్లితే పిల్లి ఆడే ఆటలో ఎందుకు చెల్లకూడదు? వ్యుత్పత్తి కూడా చూడండి. మార్జారం మృజ్ ధాతువు నుంచి వచ్చింది, ఒళ్లు నాకి శుభ్రం చేసుకునేది అని. మూషికం ముష్ ధాతువు నుంచి, దొంగిలించేది అని. ఈ సినిమాలో జెర్రీ చేసే పని అదే. హోటల్ గోడలో ఇల్లు కట్టుకుని సామానంతా ఎత్తుకొచ్చినదే పెట్టుకుంటుంది. ఆ హోటల్లో పెళ్లి చేసుకోబోయే పెళ్లికూతురి ఉంగరం కూడా దాని దగ్గరే తేలుతుంది.

అరసున్న:
అభేదం ల స్థానంలో ర రావడానికి సరిపోతుంది. చెలగాటం అప్పుడు చెరగాటం కావాలి. చెర్లాటంలో ర, ల రెండూ ఉన్నాయి, గ లేదు. మీ సూత్రం ఆ గకారాన్ని మింగలేదు.

మూషికవాహనుడు:
నిజమే. అక్కడ నా వాదం ఆగిపోయింది. గోదారి గట్టుగారు చెప్పినట్టు రెండు మాటలు అనుకోవడమే మేలు.

నర్తనశాల వీధి:
ర, ల అనగానే తిక్కన గుర్తొచ్చాడు, ఆగలేకపోతున్నాను. శాంతిపర్వంలో భీష్ముడు ధర్మరాజుకు చెప్పే పిల్లీ ఎలుకల కథ ఉంది కదా. మూలంలో పిల్లి పేరు లోమశుడు. లోమం అన్నా రోమం అన్నా వెంట్రుకే కాబట్టి రోమశుడు అన్నా తప్పు లేదు. అక్కడా మళ్లీ అదే ర, అదే ల.

పేరు సంగతి అటుంచండి, కథ చూడండి. మర్రిచెట్టు కింద వేటగాడి వలలో పిల్లి చిక్కింది. పలితుడనే ఎలుక ధైర్యంగా బయటికొచ్చి చూస్తే కింద ముంగిస, పైన గుడ్లగూబ. రెండూ దాని కోసమే కాచుకున్నాయి. అప్పుడా ఎలుక తన ఆగర్భశత్రువు ఒళ్లోకే పోయి దాక్కుంది, తాళ్లు కొరుకుతానని మాట ఇచ్చి. పిల్లి ఎంత తొందరపెట్టినా మెల్లగా కొరికింది. తెల్లవారి వేటగాడు దగ్గరికొచ్చాక గానీ ఆఖరి తాడు తెంపలేదు. ముందే తెంపితే పిల్లి తననే తినేస్తుందని దానికి తెలుసు. అన్నీ అయ్యాక పిల్లి స్నేహానికి పిలిస్తే వద్దంది. అవసరం తీరింది, ఇక నీ దారి నీది అంది.

సంభాషణ నడపడంలో తిక్కన తరవాతే ఎవరైనా. విరాటపర్వం నుంచి చివరి దాకా 15 పర్వాలు రాసిన మనిషి. రాయబారాల్లో రాజుల చేత ఎంత జాగ్రత్తగా మాట్లాడించాడో, ఆ జాగ్రత్త ఎలుక నోట కూడా వినిపిస్తుంది నాకు.

గోదారి గట్టు:
రాయబారమంటే ఉద్యోగపర్వం, దాన్ని శాంతిపర్వంతో తూచకండి. కానీ కథ సమయానికి గుర్తు చేశారు. సినిమా చివర టామ్, జెర్రీ కలిసి ఆగిపోయిన పెళ్లిని మళ్లీ జరిపించి, అది కాగానే తిరిగి తన్నుకోవడం కూడా ఇదే కదా? ఆపద్ధర్మం.

సూత్రధారి:
పాణినిని ఎవరూ తలుచుకోలేదేం? ఆయన సంస్కృత వ్యాకరణం అష్టాధ్యాయిలో 'యేషాం చ విరోధః శాశ్వతికః', రెండో అధ్యాయం, నాలుగో పాదం, తొమ్మిదో సూత్రం. వైరం శాశ్వతమైతే ఆ రెండింటి ద్వంద్వ సమాసం ఏకవచనం అవుతుంది. ఉదాహరణలు అహినకులం (పామూ ముంగిసా), మార్జారమూషకం (పిల్లీ ఎలుకా). ఇద్దరు శత్రువులు కలిసి ఒక్క మాటగా, ఒక్క వస్తువుగా మిగులుతారు. టామ్ అండ్ జెర్రీ అనే జంటపేరును నేను అలాగే చూస్తాను. ఎవరూ విడదీసి చెప్పరు. "మా పిల్లలిద్దరూ టామ్ అండ్ జెర్రీ" అంటాం గానీ ఎవరు టామో ఎవరు జెర్రీయో చెప్పం.

నర్తనశాల వీధి:
మరి పెళ్లి కోసం కలిశాయి కదా, అప్పుడు విరోధం శాశ్వతం కాదు, ఏకవచనం పోవాలి.

సూత్రధారి:
పోదు. పుట్టుకతో వచ్చిన వైరం ఒక పూట సంధితో పోదు. మీ పలితుడు చెప్పిందీ అదే.

కొత్త పలక:
పెద్దల మధ్య నా చిన్న ప్రశ్న. తెలుగులో టామ్ అండ్ జెర్రీ "కొట్టుకుంటున్నాయి" అనాలా, "కొట్టుకుంటున్నారు" అనాలా? మా అబ్బాయి "కొట్టుకుంటున్నారు" అంటాడు. వాళ్ల నానమ్మ దిద్దుతుంది. నాకు మాత్రం వాడి మాటే సహజంగా వినిపిస్తోంది.

గోదారి గట్టు:
వ్యాకరణం ప్రకారం "కొట్టుకుంటున్నాయి". కానీ వాడు పేరు పెట్టి పిలిచే జీవి వాడికి మనిషే. కథల్లో పలితుడు, లోమశుడు అని డుకారం పెట్టి మనమూ మహద్వాచకాలు, అంటే మగవాళ్లను చెప్పే మాటలు, చేయలేదా? దిద్దకండి, పాపం.

పెరటి జామచెట్టు:
మా ఇంట్లో "టామ్ వచ్చాడు, జెర్రీ వచ్చింది" అంటారు. ఎలుక మగదే, అయినా చిన్నది కాబట్టి కాబోలు. పైగా సినిమా తెలుగులోకి వచ్చినా ఆ రెండూ మాట్లాడవు. టామ్ కేకలు కూడా ఈ బొమ్మలను సృష్టించిన ఇద్దరిలో ఒకడైన విలియం హన్నా ఎప్పుడో పెట్టిన పాత కేకలే. ఆ రోజు వాటికి దక్కిన అసలైన తెలుగు మా అమ్మమ్మ సామెతే అనిపించింది నాకు. అందుకే అది సరిగ్గా పట్టుకోవాలని ఇంత ఆరాటం. మూడో ముక్క సంగతి ఎవరూ చెప్పలేదు...

రీలు డబ్బా:
బొమ్మ ఎలుకను మనుషుల మధ్య తిప్పడం 2021 వింత కాదు. 1945లోనే 'యాంకర్స్ అవే' సినిమాలో హాలీవుడ్ నటుడు జీన్ కెల్లీ జెర్రీతో కలిసి నాట్యం చేశాడు. 1953లో ఇంకో సినిమాలో నటి ఎస్తర్ విలియమ్స్ ఈ రెండింటితో కలిసి నీళ్లలో ఈదింది. 1940లో వచ్చిన మొదటి బొమ్మలో పిల్లి పేరు టామ్ కూడా కాదు, జాస్పర్. హన్నా, బార్బెరా 1958 దాకా 114 చిన్న చిత్రాలు చేస్తే వాటిలో 7 ఆస్కార్ తెచ్చాయి. ఆ 114లో చెలగాటం పిల్లిది కాదు, ఎలుకదే. ప్రాణసంకటమంతా టామ్‌ది. మీ అమ్మమ్మగారి సామెతను తిరగేస్తే గానీ ఈ బొమ్మకు అతకదు. ఇక్కడ అతికే సామెత "ఎలుక మీద కోపంతో ఇంటికి నిప్పు పెట్టుకున్నట్టు".

బండి ఱ:
తిరగేయక్కర్లేదు. చెర అర్థం తీసుకుంటే సరిపోతుంది. టామ్ ఎలుకను పట్టాలన్న పట్టుదలలో తానే చెరలో ఉన్నాడు.

అరసున్న:
మళ్లీ చెర. నేను నిన్నటి చోటే ఉన్నాను, గకారం ఎక్కడికి పోయిందో చెప్పండి.

కొత్త పలక:
మూడో ముక్క "ఇల్లాలికి జంజాటం" అయి ఉంటుందా? పిల్లీ ఎలుకా తన్నుకుని పగలగొట్టిన సామానంతా ఎత్తిపోసుకునేది ఆవిడే కదా. సినిమాలో ఆ హోటల్లో పనిచేసే పిల్ల పడ్డ పాట్లు చూస్తే అలా తోచింది.

నర్తనశాల వీధి:
జంజాటం బాగుంది. టకారం కుదిరింది, అర్థమూ కుదిరింది. "చూసేవాడికి ఉబలాటం" కూడా కావచ్చు.

పెరటి జామచెట్టు:
ఇప్పుడే అమ్మమ్మకు రెండూ చదివి వినిపించాను. ఉబలాటం కానే కాదంది. జంజాటం దగ్గర కాసేపు ఆగింది. "అది కాదు గానీ, మొదట్లో ఇల్లాలే ఉంది" అంది. ఇల్లాలికి ఏదో టం. అక్కడిదాకా వచ్చాం. రాత్రి పడుకునే ముందు మళ్లీ అడుగుతాను.

గోదారి గట్టు:
అడిగినప్పుడు ఆవిడ చెర్లాటం అంటున్నారా, చెరలాటం అంటున్నారా అన్నది కూడా జాగ్రత్తగా వినండి. ఆ నడిమి అచ్చు నాకు కావాలి.