గిలక, సారె, పళ్ల చక్రం: ఉన్నచోటే తిరిగేదాన్ని చక్రం అనవచ్చా?

గోడపటం
పిల్లల కోసం ఒక గోడపటం తయారు చేస్తున్నాను. పేరు ‘చక్రాలు’. 12 బొమ్మలకే చోటుంది. నా జాబితా ఇది: బండి చక్రం, సైకిలు చక్రం, కారు టైరు, రైలు చక్రం, విమానం చక్రం, సూట్‌కేసు చక్రం, రోగుల కుర్చీ చక్రం, కుమ్మరి సారె, రాట్నం, గిలక, నీటి చక్రం, పళ్ల చక్రం. నాతో కలిసి పనిచేసే ఆవిడ చివరి ఐదూ తీసేయమంటున్నారు. ఉన్నచోటే తిరిగేవి యంత్ర భాగాలే తప్ప చక్రాలు కావని ఆవిడ వాదన. నాకు ఎటూ తేలడం లేదు. మీరేమంటారు?

పూటీ
ఆవిడ చెప్పిందే సరి. బరువు మోస్తూ ముందుకు సాగేదే చక్రం. మా నాన్న బండి చక్రాలు చేసేవారు. నడుమ కుంభం, అందులో దిగగొట్టిన ఆకులు, ఆకుల కొసలను కలిపే పూటీలు, అన్నిటినీ పట్టి ఉంచే ఇనుప పట్టా. ఆ పట్టాను చక్రం చుట్టుకొలత కన్నా కాస్త తక్కువగా చేస్తారు. నిప్పుల్లో కాలిస్తే వ్యాకోచిస్తుంది. ఎర్రగా ఉండగానే పట్టకార్లతో తెచ్చి చక్రం మీదకు దించి, సుత్తులతో కొట్టి కూర్చోబెట్టి, కర్ర అంటుకునేలోగా నీళ్లు పోస్తారు. అప్పుడు వినాలి ఆ చప్పుడు! ఇనుము ముడుచుకుంటున్నకొద్దీ లోపలి అతుకులు ఒక్కొక్కటే కిర్రుమంటూ బిగుసుకుంటాయి. చిన్నప్పుడు దాన్ని వినడానికే ఆవిరిలో నిలబడేవాణ్ని. రబ్బరు టైర్లు వచ్చాక నాన్న చేతిలో పని లేకుండా పోయింది. అంత నేర్పుతో చేసిన వస్తువునూ, తాడు జారడానికి వేలాడదీసిన గిలకనూ ఒకే పేరుతో పిలిస్తే నేను ఒప్పుకోను.

ఇరుసు నూనె
పూటీ గారూ, మీ నాన్నగారి పనితనం మీద నాకు గౌరవం ఉంది. కానీ గౌరవం వేరు, నిర్వచనం వేరు. గుండ్రంగా ఉండి నడుమ ఇరుసు చుట్టూ తిరిగేది చక్రం. ప్రయాణం చేయడమన్నది దానికి మనం అప్పగించిన పనుల్లో ఒకటి మాత్రమే. 31 ఏళ్లు ఫిట్టర్‌గా పనిచేశాను. 20 పళ్ల చక్రం 40 పళ్ల చక్రాన్ని తిప్పితే వేగం సగమవుతుంది, తిప్పే బలం దాదాపు రెట్టింపవుతుంది. ఈ సంగతి లేకపోతే ఎత్తు ఎక్కాల్సిన లారీ అక్కడే ఆగిపోతుంది. గ్రీసు దగ్గర మునిగిన ఓడలోంచి 1901లో బయటపడిన ఆంటికితెరా యంత్రం చూడండి. 2,000 ఏళ్ల నాటి కంచు పళ్ల చక్రాలు, సూర్యచంద్రుల గమనాన్ని లెక్కగట్టడానికి చేసినవి. అవి ఏ బరువు మోశాయి, ఎంత దూరం సాగాయి? అయినా చక్రాలు కావనగలరా?

ఇంకొకటి. గిలక కదలదన్నది పొరపాటు. పైన బిగించిన గిలక కదలదు. తాడు మధ్యలో వేసి బరువు తగిలించే గిలక బరువుతోపాటు పైకి లేస్తుంది. సగం బలంతో పని జరిగేది దానివల్లే.

తెల్లకాగితం
స్టీరింగు సంగతేమిటి? అది బండితోపాటు ప్రయాణిస్తుంది, బరువు మాత్రం మోయదు.

పూటీ
స్టీరింగు పట్టుకోవడానికి పెట్టిన గుండ్రటి పిడి, అంతే. కదిలే గిలకైనా తాడు మీద వేలాడవలసిందే. చక్రానికి నేల తగలాలి.

రెండో పట్టా
నేల తగలాలంటే తెడ్ల చక్రంతో నడిచే ఓడను ఏం చేస్తారు? దాని చక్రం ప్రయాణిస్తుంది, నేలను మాత్రం తాకదు.

నేను రైలు చక్రాల మరమ్మతు చూస్తాను. గోడపటంలో రైలు చక్రాన్ని పళ్లెంలా చదునుగా గీయకండి. పట్టాను తాకే ముఖం కాస్త ఏటవాలుగా ఉంటుంది, లోపల పొడుచుకొచ్చిన అంచు వైపు లావు, బయటి వైపు సన్నం. రెండు చక్రాలూ ఒకే ఇరుసుకు బిగిసి ఉంటాయి కాబట్టి ఒకటి ఎక్కువ, ఒకటి తక్కువ తిరగడం కుదరదు. మలుపులో ఆ జత మొత్తం కాస్త బయటికి జరుగుతుంది. అప్పుడు బయటి చక్రం లావు భాగం మీద, లోపలి చక్రం సన్న భాగం మీద దొర్లుతాయి. ఒక్క చుట్టుకే బయటిది ఎక్కువ దూరం పోతుంది. రైలును మలుపు తిప్పేది లోపలి అంచేనని చాలామంది అనుకుంటారు. మామూలు మలుపుల్లో ఆ పని ఎక్కువగా ఈ వాలే చేస్తుంది. అంచు చివరి కాపలా.

ఇరుసు నూనె
చక్కగా చెప్పారు. చక్రం ఇరుసుతో కలిసి తిరగడం కొత్త సంగతేమీ కాదు. స్లొవేనియాలోని ల్యుబ్ల్యానా చిత్తడి నేలల్లో 2002లో ఒక చెక్క చక్రం దొరికింది. వయసు 5,000 ఏళ్లకు పైనే. దాని రంధ్రం చతురస్రం, అంటే ఇరుసు కూడా చక్రంతోపాటే తిరిగేది. చక్రం మహిమ అంతా ఇరుసు దగ్గర ఉంది. బరువును నేల మీద ఈడిస్తే రాపిడి నేలంతా. చక్రం పెడితే ఆ రాపిడి ఇరుసు దగ్గరికి చేరుతుంది. 100 సెంటీమీటర్ల చక్రానికి 5 సెంటీమీటర్ల ఇరుసు ఉంటే, చక్రం 20 సెంటీమీటర్లు సాగినప్పుడు ఇరుసు దగ్గర ఒరిపిడి జరిగేది 1 సెంటీమీటరే. అక్కడ కందెన కూడా పెట్టుకోవచ్చు, రోడ్డంతా పెట్టలేం. ఈ సూత్రం సారెకూ గిలకకూ బండికీ ఒక్కటే. నేల తాకడమన్న షరతు మీరు తర్వాత అతికించినది.

పూటీ
నేనేమీ అతికించలేదు. ‘చక్రం గీయి’ అంటే పిల్లలు ఏం గీస్తారో అడిగి చూడండి. పళ్ల చక్రం గీసేవాళ్లు ఉండరు.

ఇరుసు నూనె
పిల్లలు కళ్లకు కనిపించేదే గీస్తారు. కనిపించనిది లేదనడమే ఇక్కడి తప్పంతా.

అమ్మాయి నాన్న
నీటి చక్రాన్ని మాత్రం తీసేయకండి. ఇంగ్లండు ఇంజనీరు జాన్ స్మీటన్ 1750ల్లో చిన్న నమూనాలతో పరీక్షలు చేసి, పైనుంచి నీళ్లు పడే చక్రం, కింద ప్రవాహం తోసే చక్రం కన్నా దాదాపు రెండింతల పని చేస్తుందని చూపించాడు. పిల్లలు నీళ్ల ధార కింద పెట్టి తామే చూసుకోవచ్చు.

వానచినుకు
ఇక్కడి జవాబులన్నీ చదివాను. గిలకకు న్యాయం జరగాలని ఒకరు, బండి చక్రం పరువు నిలవాలని ఒకరు. జాబితాలో ఏడోది ఒక్కరి కంటా పడలేదు. ‘రోగుల కుర్చీ.’ నేను రోగిని కాను. 14 ఏళ్లుగా చక్రాల కుర్చీలో ఉద్యోగానికి వెళ్లి వస్తున్నాను. చెప్పులు వేసుకున్నవాళ్లందరినీ రోగులంటారా? ముందు ఆ పేరు మార్చండి.

రెండోది. ఆ కుర్చీకి ఒక రకం చక్రం కాదు, రెండు రకాలు. వెనక పెద్దవి, నావి 60 సెంటీమీటర్లు, చేత్తో తిప్పడానికి పక్కన మరో కడ్డీ ఉంటుంది. ముందు చిన్నవి, 12 సెంటీమీటర్లు, ఎటైనా తిరిగేవి. నా రోజంతా ఈ చిన్నవాటితోనే. నేల మీద రాలిన వెంట్రుకలన్నీ వాటి ఇరుసుకు చుట్టుకుని గట్టి ఉంగరంలా బిగుస్తాయి. నెలకోసారి కుర్చీని పడుకోబెట్టి బ్లేడుతో కోసి తీయాలి. అయినా అది పెద్ద సమస్య కాదు. మా కార్యాలయంలో సమావేశ మందిరానికి 2 సెంటీమీటర్ల గడప ఉంది. అక్కడ ముందు చక్రాలు ఠక్కున ఆగుతాయి, నేను ముందుకు తూలుతాను. రెండుసార్లు ఒళ్లోని కాగితాలన్నీ అందరి ముందూ నేలపాలయ్యాయి.

గోడపటం
క్షమించండి. ‘చక్రాల కుర్చీ’ అని మార్చాను. ఆలోచించకుండా రాశాను.

ఇరుసు నూనె
వానచినుకు గారూ, దీనికి పరిష్కారం సులభం. ముందు చక్రం చిన్నది కావడమే దోషం. 20 సెంటీమీటర్లది, కాస్త మెత్తటి టైరుతో వేయించుకోండి. గడప ఎక్కుతుంది.

రెండో పట్టా
లెక్క వేసి చూశాను. 2 సెంటీమీటర్ల మెట్టు మీదకు చక్రాన్ని అడ్డంగా నెట్టి ఎక్కించాలంటే, 12 సెంటీమీటర్ల చక్రానికి దాని మీద పడే బరువు కన్నా ఎక్కువ బలం కావాలి, సుమారు 1.1 రెట్లు. 60 సెంటీమీటర్ల చక్రానికి 0.4 వంతు చాలు. మెట్టు ఎత్తు చక్రం వ్యాసంలో సగానికి చేరితే ఎంత నెట్టినా ఎక్కదు.

వానచినుకు
లెక్క సరే. అది నా భుజాలకు ఎప్పుడో తెలుసు. పెద్దది వేయించమన్నది కూడా చేసి చూశాను. 20 సెంటీమీటర్ల చక్రం పక్కకు తిరిగినప్పుడు పాదాలు పెట్టుకునే పలకకు తగులుతుంది. ఇరుకు గదిలో కుర్చీ మళ్లదు. ఒక బాధ తీర్చి మరో బాధ తెచ్చుకున్నట్టయింది. ఇక్కడ అందరూ చక్రాన్నే పట్టుకున్నారు. గడప గురించి ఒక్క మాట లేదు.

పూటీ
మంచి చక్రం గతుకులను లెక్కచేయదు. మా నాన్న చేసినవి రాళ్లలో, బురదలో నడిచాయి. చక్రం దారికి తగ్గట్టు ఉండాలి. దారిని చక్రానికి తగ్గట్టు మార్చుకుంటూ పోతే ఎక్కడ ఆగుతాం?

వానచినుకు
ఆగనక్కర్లేదు. రైలుకు పట్టాలు ఎవరు వేశారు? విమానం చక్రాలకు కిలోమీటర్ల కొద్దీ చదును నేల ఎవరు పరిచారు? మెక్సికోలో కొలంబస్ రాకకు చాలా ముందే చక్రాలున్న మట్టి బొమ్మలు చేశారు. అక్కడివాళ్లకు చక్రం తెలుసు. బండ్లు మాత్రం నడపలేదు, లాగడానికి పెద్ద జంతువులు లేవు. చక్రం ఒక్కటే ఏమీ చేయలేదు. సూట్‌కేసుకు చక్రాలు పెట్టినందుకు బెర్నార్డ్ సాడోకు అమెరికాలో పేటెంటు దక్కింది 1972లో. అప్పటికి చక్రానికి వేల ఏళ్లు. నున్నటి నేల ఉన్న విమానాశ్రయాలు వచ్చాకే సూట్‌కేసు దొర్లింది. పెట్టె కోసం నేల చదును కావచ్చు, మనిషి కోసం కాకూడదా? మీ బండి చక్రం బురదలో నడిచిందంటున్నారు. దాన్ని లాగింది ఎద్దులు కదండీ. నా కుర్చీని లాగేది నా చేతులే.

ఇరుసు నూనె
కోపం తెచ్చుకుంటే పని జరగదు. దారి లేనిచోట చక్రాన్నే మార్చారు, అదే ఇంజనీరింగ్. అంగారకుడి మీద 2012లో దిగిన క్యూరియాసిటీ అనే పరిశోధక బండి చక్రాల అల్యూమినియం తొడుగు మందం 0.75 మిల్లీమీటర్లు. మరుసటి ఏడాదికే పదునైన రాళ్లకు చిల్లులు పడ్డాయి. ఏం చేశారు? తర్వాత పంపిన పర్సెవరెన్స్‌కు తొడుగు మందం పెంచారు, చక్రాన్ని కాస్త పెద్దది చేశారు, చక్రం మీది గాడుల ఆకారం మార్చారు. రాళ్లను తిట్టుకుంటూ కూర్చోలేదు.

వానచినుకు
అంగారకుడి మీద రాళ్లు ఏరేందుకు ఎవరూ లేరు. మా కార్యాలయంలో గడప పెట్టినవాళ్లూ ఉన్నారు, తీయించగలిగినవాళ్లూ ఉన్నారు. నాలుగుసార్లు రాసి ఇచ్చాను. “మంచి కుర్చీ కొనుక్కోండి” అన్నారు. మీరిద్దరూ ఇప్పుడు అక్షరం పొల్లుపోకుండా అదే మాట అంటున్నారు.

తెల్లకాగితం
చర్చ గిలక గురించి మొదలైంది.

ఇరుసు నూనె
నేను వాళ్లలాంటివాణ్ని కాను. కనిపించని చక్రాలను లెక్కలోకి తీసుకోమని ఎందుకు ఇంతగా పోరుతున్నానో చెబుతాను. నేను పనిచేసిన చోట పట్టీతో తిరిగే ఒక గిలక ఉండేది. దానికి మూత లేదు. మూత వేయించమని మూడుసార్లు చెప్పాను. ‘అది ఉన్నచోటే తిరిగేది, ఎవరి మీదకూ రాదు కదా’ అన్నారు. ఒక రోజు నా పక్కన పనిచేసే కుర్రాడి చొక్కా చేయి పట్టీకీ గిలకకీ మధ్య ఇరుక్కుంది. రెండు వేళ్లు పోయాయి. కాగితం మీద ‘పనివాడి అజాగ్రత్త’ అని రాశారు. పొడుగు చేతుల చొక్కా వేసుకుని రావడం అతని తప్పట. అందుకే ‘ఉన్నచోటే తిరిగేది చక్రం కాదు’ అని ఎవరైనా అంటే నాకు ఒళ్లు మండుతుంది.

వానచినుకు
చాలా బాధగా ఉంది. ఆ కుర్రాడికి జరిగింది అన్యాయం. ఇప్పుడు మీరే చెప్పండి. మూత వేయకుండా చొక్కాను తప్పుపట్టారు. గడప తీయకుండా నా చక్రాన్ని తప్పుపడుతున్నారు. ఈ రెండింటికీ తేడా ఏమిటి?

రెండో పట్టా
గడప మొత్తం తీయలేకపోతే రెండు వైపులా వాలు చెక్క పెట్టించవచ్చు. 1:12 వాలుకు 2 సెంటీమీటర్ల ఎత్తుకు 24 సెంటీమీటర్ల పొడవు సరిపోతుంది. ఒక పూట పని కూడా కాదు.

పూటీ
24 పెడితే కొస మరీ పలచబడి చీలిపోతుంది. కొసను ఇనుప రేకుతో కప్పాలి, లేదా నేలలోకి కాస్త గాడి తీసి దించాలి. కర్ర గట్టిది కావాలి. కొలతలు ఇస్తే ఎలా కోయాలో బొమ్మ గీసి పెడతాను. దారిని చక్రానికి తగ్గట్టు మార్చడం మీద నా మాట నేను వెనక్కి తీసుకోలేదు. ఇది వేరే సంగతి.

వానచినుకు
ఇది వేరే సంగతి కాదు. అయినా కొలతలు రేపు పెడతాను. తలుపు వెడల్పు 90 సెంటీమీటర్లు.

ఇరుసు నూనె
వానచినుకు గారూ, మీ ప్రశ్నకు నా దగ్గర జవాబు లేదు. చక్రం పెద్దది వేయించుకోమన్న మాట వెనక్కి తీసుకుంటున్నాను. వెంట్రుకలు చుట్టుకోకుండా ఇరుసుకు రెండు పక్కలా బిళ్లలు వేసుకోవచ్చు. ఇరుసు మందం చెప్పండి.

గోడపటం
ఐదూ ఉంచుతున్నాను. విమానం చక్రం తీసేసి ఆ చోట రెండు చక్రాలు ఒకే మెట్టు ముందు నిలబడినట్టు గీశాను, 12 సెంటీమీటర్లది ఒకటి, 60ది ఒకటి. నేలపై నడిచే ప్రతి చక్రం కిందా నేల గీత వేశాను. తొలి నమూనా ఇక్కడ పెట్టాను, చూడండి.

ఇరుసు నూనె
చూశాను. పళ్ల చక్రాల బొమ్మ తప్పు. పెద్దదాని పళ్లు పెద్దగా, చిన్నదాని పళ్లు చిన్నగా వేశారు. అలా ఉంటే ఒకదానిలో ఒకటి కూర్చోవు. రెండింటికీ పన్ను పరిమాణం ఒక్కటే ఉండాలి, లెక్క మాత్రమే మారాలి. 40, 20. మళ్లీ గీయండి.