2024 వర్జీనియా 10వ డిస్ట్రిక్ట్ ప్రైమరీ (పార్టీ అభ్యర్థిని ఎంచుకునే ఎన్నిక): 12 మందిలో ఎవరికి వేయాలో కాస్త చెప్తారా?

అందరికీ నమస్తే అండి, మేం ఆష్‌బర్న్‌లో ఉంటాం, సిటిజన్‌షిప్ వచ్చాక నాకిదే మొదటి ఓటు. ఇక్కడి కాంగ్రెస్ సభ్యురాలు జెన్నిఫర్ వెక్స్‌టన్ గారు ఆరోగ్యం బాలేక మళ్ళీ పోటీ చేయట్లేదు కదా, ఆ సీటుకి డెమొక్రాట్లలోనే 12 మంది నిలబడ్డారు, రోజూ పోస్ట్‌బాక్స్ తీస్తే నాలుగైదు కరపత్రాలు, అన్నిట్లో అవే మాటలు. జూన్ 18నే పోలింగ్. ఆవిడ రాష్ట్ర సెనేటర్ సుహాస్ సుబ్రమణ్యం గారికి మద్దతిచ్చారు, కానీ ఒకరు చెప్పారని కళ్ళు మూసుకుని వేయడం నాకిష్టం లేదు. రనాఫ్ (రెండో విడత ఓటింగ్) లేదు, ఎక్కువ ఓట్లొచ్చినవాళ్ళే గెలుస్తారు, అంటే కొద్ది ఓట్ల తేడాతోనే తేలిపోవచ్చు.

ఇక్కడ పార్టీ రిజిస్ట్రేషన్ ఉండదు కాబట్టి బూత్‌లో ఏ పార్టీ బ్యాలెట్ కావాలో అడిగితే చాలా? గ్రీన్‌కార్డ్ బ్యాక్‌లాగ్ (ఏళ్ళ తరబడి వెయిటింగ్) మీద ఎవరు గట్టిగా మాట్లాడుతున్నారు? డిబేట్లు చూసినవాళ్ళు ప్లీజ్ చెప్పండి.