అప్‌డేట్: రోజర్ షెర్మన్ లాయర్ ఎలా అయ్యాడు?

అమెరికా రాజ్యాంగ నిర్మాతల్లో ఒకడైన రోజర్ షెర్మన్ లా కాలేజీ గడప తొక్కకుండానే లాయర్ ఎలా అయ్యాడని ఇంతకుముందు ఇక్కడ అడిగాను, జవాబు దొరికింది. అప్పటికి అమెరికాలో లా కాలేజీలే లేవు! తండ్రి దగ్గర చెప్పులు కుట్టడం నేర్చుకుని, కనెటికట్‌లో భూములు సర్వే చేస్తూ, పంచాంగాలు రూపొందిస్తూ, సొంతంగా చదువుకుని 1754లో ప్లీడరయ్యాడు. ఆ తర్వాత శాసనసభ, జడ్జి పదవి, కాంగ్రెస్ (అమెరికా జాతీయ చట్టసభ).

నన్ను బాగా ఆకట్టుకుంది అమెరికా రాజ్యాంగాన్ని రాసిన 1787 ఫిలడెల్ఫియా సభ. కొత్త చట్టసభలో పెద్ద రాష్ట్రాలు జనాభాను బట్టి సీట్లన్నాయి, చిన్నవి సమానత్వమన్నాయి. దిగువ సభలో జనాభా లెక్క, సెనేట్‌లో (ఎగువ సభలో) రాష్ట్రానికొక ఓటు అని జూన్ 11న ప్రతిపాదించింది షెర్మనే. చాలా వాదోపవాదాల తర్వాత సెనేట్‌లో రాష్ట్రానికి ఇద్దరు సభ్యుల చొప్పున ఖాయమైంది. నిజంగా గొప్ప బుర్ర!

ఆయన రూపొందించిన పంచాంగాల గురించి తెలిసినవాళ్లుంటే చెప్పండి, ప్లీజ్.