మెయికో కాజీని ఆ సినిమాలు వాడుకున్నాయా, ఆమే వాటిని వాడుకుందా?

సెకండ్‌షో: 1970ల్లో జపాన్ స్టూడియోలు రక్తం, నగ్నత్వం చూపించి టికెట్లు అమ్ముకున్నాయి. నటి మెయికో కాజీ స్టార్ అయింది అక్కడే. ఆడఖైదీ 'సాసోరి', అంటే తేలు, పాత్రతో 1972, 73లో నాలుగు సినిమాలు చేసింది. ఆడవాళ్లను జైల్లో కొట్టి, బట్టలూడదీసి చూపించిన సినిమాలవి, మొదటి భాగంలో ఆమెనూ వదల్లేదు. అలాంటి వాటిని స్త్రీల తిరుగుబాటు అని పొగుడుతుంటే నాకు మింగుడుపడట్లేదు.

పాతరీలు: అన్నా, ముందు జరిగింది కూడా చూడాలి. 1965 నుంచి నిక్కట్సు స్టూడియోలో ఉన్న మనిషి, 1971లో వాళ్లు నష్టాల్లో పడి శృంగార సినిమాలకు మళ్లితే నేను చేయనని బయటికొచ్చేసింది. తర్వాతే టోయీ అనే ఇంకో స్టూడియోలో ఈ తేలు. ఈ సినిమాలకు మూలమైన కామిక్‌లో ఆ పాత్ర నోరు తెరిస్తే బూతులే, అవి నేను అనను, మాటల్లేకుండా చేస్తానని అడిగింది ఆమే, దర్శకుడు షున్యా ఇతో ఒప్పుకున్నాడు. రెండో భాగంలో ఆమెకు దాదాపు డైలాగే లేదు, అయినా ఆ కళ్ల నుంచి చూపు తిప్పుకోలేం. ఆ మౌనం ఆమె సొంతం, స్టూడియో ఇచ్చింది కాదు.

సెకండ్‌షో: మౌనం సంగతి ఒప్పుకుంటా. కానీ హీరోయిన్ కాబట్టి షరతు పెట్టగలిగింది తమ్ముడూ. అదే జైలు సెట్‌లో పక్కన నిలబడి దెబ్బలు తిన్న చిన్న నటీమణులకు ఆ వీలుందా? వాళ్లలో ఒక్కరి పేరైనా మనం తలుచుకుంటున్నామా?

గోదారిపిల్ల: ఆ ప్రశ్న న్యాయమైనదే అండీ. కానీ ఇద్దరూ 1973 దగ్గరే ఆగిపోయారు. 1978లో యసుజో మసుమురా, చికామత్సు రాసిన పాత బొమ్మలాట నాటకం 'సొనెజాకి షింజు'ను సినిమాగా తీస్తే, ప్రేమించినవాడితో కలిసి చావడానికి సిద్ధపడే వేశ్య ఒహత్సుగా చేసింది, ఉత్తమ నటి అవార్డులు అందుకుంది. 1989 నుంచి 2016 దాకా 'ఒనిహే' టీవీ సీరియల్లో పోలీసులకు ఆచూకీలు చేరవేసే ఒమాసా ఆమే. జపాన్‌లో ఇళ్లల్లో జనం అన్నేళ్లు చూసింది ఆ ముఖాన్ని. హాలీవుడ్ సినిమా 'కిల్ బిల్'లో ఆమె పాటలు వాడాక బయటి ప్రేక్షకులు మళ్లీ ఆమె కత్తి, పగ సినిమాల దగ్గరికే వెళ్లారు. యాభై ఏళ్ల పనిని రెండేళ్లతో కొలవడం నాకు బాధగా ఉంటుంది.

సెకండ్‌షో: ఒహత్సును నేను చూడలేదు, చూసొచ్చి రాస్తా. పక్క ఖైదీల గురించి అడిగింది మాత్రం వెనక్కి తీసుకోను.