పాపకు 'ఇళ' అని పెట్టొచ్చా? తెలిసినవాళ్లు చెప్పండి

మా పాపకు 'ఇళ' అనే పేరు అనుకుంటున్నాం. రెండే అక్షరాలు, పలకడానికి హాయిగా ఉంది. అమరకోశంలో ఈ మాటకు ఆవు, భూమి, వాక్కు అని అర్థాలున్నాయి. ఋగ్వేదంలోనైతే 'ఇళా సరస్వతీ మహీ' అంటూ సరస్వతి పక్కనే కనిపించే దేవత. ఇంతకంటే ఏం కావాలి అనుకున్నాం.

చిక్కల్లా మా అత్తయ్యగారితో వచ్చింది. భాగవతంలో ఇళ మనువు కూతురు. వసిష్ఠుడి వల్ల సుద్యుమ్నుడనే మగవాడై, ఓ అడవిలో అడుగుపెట్టగానే మళ్లీ స్త్రీ అయింది. "శాపాలున్న పేరు పిల్లకెందుకమ్మా" అంటారావిడ. ఆవిడ మాట కొట్టిపారేయలేను గానీ, బుధుడి వల్ల పురూరవుణ్ణి కని చంద్రవంశానికి మూలమైనదీ ఆ ఇళే కదా!

సంస్కృతం చదివినవాళ్లు కాస్త చెప్పండి: వేదంలోని దేవత, పురాణంలోని ఇళ ఒకరేనా? తెలుగులో 'ఇల' అని రాస్తే మేలా, 'ఇళ' అనా? బడిలో పిల్లలు 'ఇలా, అలా' అని ఏడిపిస్తారేమోనని నాకదో టెన్షన్. ఈ పేరున్న ఆడపిల్లలెవరైనా ఉంటే మీ అనుభవం కూడా రాయండి.