ఎంటీఎస్ టీచర్లకు పూర్తి స్కేలు: కోర్టులో నిలుస్తుందా?

సుద్దముక్క:
2008 డీఎస్సీలో మెరిట్ ఉండి ఉద్యోగం రాని బీఎడ్ బ్యాచ్ మాది. నోటిఫికేషన్ వచ్చాక ఎస్జీటీ (సెకండరీ గ్రేడ్ టీచర్, అంటే ప్రైమరీ బడి) పోస్టుల్లో 30 శాతం డీఎడ్ వాళ్లకు పక్కన పెట్టారు, మా పేర్లు గల్లంతయ్యాయి. కోర్టుల చుట్టూ తిరగ్గా తిరగ్గా 2021లో ఆంధ్రాలో 2,193 మందిని మినిమం టైమ్ స్కేల్ (ఎంటీఎస్) మీద తీసుకోవడానికి ఒప్పుకున్నారు. ఎస్జీటీ స్కేలు 32,670–1,01,970. మాకు ఆ మొదటి అంకె ఒక్కటే. ఇంక్రిమెంటు లేదు, డీఏ లేదు, ఏటా రెన్యువల్. పక్క గదిలో మాస్టారు చెప్పే ఎక్కాలే నేనూ చెబుతున్నా. సమాన పనికి సమాన వేతనమని జగ్జీత్ సింగ్ కేసులో 2016లోనే సుప్రీంకోర్టు చెప్పింది. ఇంకా అడ్డేమిటి?

కృష్ణాతీరం:
కేసు వేద్దాం సార్. నా పేరు రాసుకోండి.

రూలు_33:
జగ్జీత్ సింగ్ పేరు చెప్పేవాళ్లే గానీ చదివినవాళ్లు లేరు. తాత్కాలిక ఉద్యోగికి అదే పోస్టులోని రెగ్యులర్ స్కేలులో కనీసం ఇవ్వాలన్నారు. కనీసం! అది మీకు ఇస్తూనే ఉన్నారు. ఇంక్రిమెంట్ల సంగతి అందులో వెతుక్కోండి, దొరకదు. ఆ తీర్పు పట్టుకెళ్తే గవర్నమెంటు ప్లీడరు దాన్నే మీకు చదివి వినిపిస్తాడు.

పైగా బీహార్ ఉంది. అక్కడి నియోజిత్ టీచర్లు (స్థానిక సంస్థలు తీసుకున్నవాళ్లు) రెగ్యులర్ వాళ్లతో సమానంగా జీతం కావాలని వెళ్తే 2017 అక్టోబరులో పాట్నా హైకోర్టు ఔనంది. 2019 మే 10న సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. లక్షల మంది. బడి ఒకటే, పాఠం ఒకటే, అయినా నియామకం వేరు, కేడర్ వేరు అన్నారు.

సుద్దముక్క:
బీహార్ వాళ్లను పంచాయతీలు, మున్సిపాలిటీలు తీసుకున్నాయి, వేరే రూల్స్ కింద. మేం రాసింది మీరు రాసినలాంటి డీఎస్సీనే. అదే జిల్లా సెలక్షన్ కమిటీ. ఆ తేడా మీకు కనబడదా?

రూలు_33:
చేరేటప్పుడు కాంట్రాక్టు అని రాసున్న కాగితం మీద సంతకం చేశారా లేదా? అది చెప్పండి ముందు.

సుద్దముక్క:
నలభై దాటినవాడి ముందు ఆ కాగితం పెడితే సంతకం చెయ్యక చింపేస్తాడా?

రూలు_33:
చేశారన్నమాట.

పాతబడి_పంతులు:
మీరిద్దరూ నన్నడగండి. మేం 398 వాళ్లం. 1980ల్లో నెలకు 398 రూపాయలిచ్చి స్పెషల్ టీచర్లన్నారు. ఆ కాలానికి నోషనల్ ఇంక్రిమెంట్లు (బకాయిలు లేకుండా లెక్కలో మాత్రం చూపేవి) కలపమని ఎక్కని ఆఫీసు మెట్టు లేదు. రిటైరయ్యాను, ఫైలు మాత్రం సర్వీసులోనే ఉంది. మా మీద జాలిపడ్డ రెగ్యులర్ టీచర్లు అప్పుడూ లేరు.

డీఎడ్_2018:
అందరూ 2008లో డీఎడ్ వాళ్లు దోచుకున్నట్టు రాస్తున్నారు. ఒకటి నుంచి ఐదు తరగతులకు శిక్షణ తీసుకున్నది మేము. 2023 ఆగస్టు 11న సుప్రీంకోర్టు ప్రైమరీకి బీఎడ్ అర్హత కాదంది. మీకు ఉద్యోగమే ఎక్కువ, స్కేలు కూడానా?

సుద్దముక్క:
తమ్ముడూ, అంతకుముందు చేరినవాళ్లకు ఆ తీర్పు వర్తించదని 2024లో ఆ కోర్టే చెప్పింది. సగం చదివి రాయకు.

డీఎడ్_2018:
మిమ్మల్ని కూర్చోబెట్టిన కుర్చీ నాది. నాకు ఏజ్ దాటిపోతోంది.

కృష్ణాతీరం:
మీరు కొట్టుకుంటుంటే ఆర్థిక శాఖ వాళ్లు హాయిగా టీ తాగుతున్నారు.

రూలు_33:
నాకు వీళ్ల జీతం మీద ఏడుపు లేదు, డీఏ కూడా ఇచ్చుకోనివ్వండి. కానీ వీళ్ల సంఘం వాట్సాప్‌లో తిరుగుతున్న పిటిషన్ ముసాయిదా నేను చూశాను. "2008 బ్యాచ్ నియామక తేదీ నుంచి నోషనల్‌గా" అనుంది. నాది 2012 డీఎస్సీ. ఏజెన్సీ మండలంలో వాగు దాటుకుంటూ చేసిన సర్వీసు. స్కూల్ అసిస్టెంట్ ప్రమోషన్ జాబితాలో నా పేరు ఇప్పుడిప్పుడే పైకొస్తోంది. నోషనల్ డేట్ ఇస్తే నా పైన ఎంతమంది కూర్చుంటారు? సమాన వేతనం అంటూ మొదలుపెట్టి సీనియారిటీ దగ్గర తేలుతారు.

సుద్దముక్క:
ఈ ముక్క మొదట్లోనే అంటే బీహార్ దాకా పోయేవాళ్లం కాదు! 2008లో మాకు రావలసింది వచ్చుంటే మేం మీకు సీనియర్లమే కదండీ.

రూలు_33:
వచ్చుంటే. రాలేదు. ఆ తప్పు ప్రభుత్వానిది, నష్టం నేనెందుకు కట్టాలి?

సుద్దముక్క:
మరి నేనెందుకు కట్టాను, పన్నెండేళ్లు?

నల్లబల్ల:
మేడమ్‌లు, సార్లు, పిటిషన్‌లో రెండూ కలపకండి. స్కేలు, డీఏ ఒక రిట్‌గా వేయండి. సీనియారిటీ కలిపితే రెగ్యులర్ వాళ్లందరూ ఇంప్లీడ్ అవుతారు (కేసులో పార్టీలుగా చేరతారు), ఇంకో పదేళ్లు.

సుద్దముక్క:
సీనియారిటీ అడగం అని అఫిడవిట్‌లో రాసిస్తే రూలు_33 గారు ఊరుకుంటారా?

రూలు_33:
మీరు రాస్తారు. మీ బ్యాచ్‌లో ఇంకొకాయన విడిగా వేస్తాడు.

98_బ్యాచ్:
నేను 1998 డీఎస్సీ. మా ఫైలు 2022లో కదిలింది. వచ్చే ఏప్రిల్‌కి నా రిటైర్మెంట్. నాకు సీనియారిటీ అక్కర్లేదు, ప్రమోషన్ అక్కర్లేదు. డీఏ ఒక్కటే వేస్తే వకాల్తా మీద ఎక్కడ సంతకం పెట్టాలో చెప్పండి.